ఆరో ఆట గెలవడం వాయిదా కాదు

సంపాదకుడు గారికి నమస్కారాలు.

నేను తెనాలి దగ్గర ఒక జిల్లా పరిషత్ హైస్కూల్లో 31 ఏళ్లు డ్రిల్లు మాస్టారుగా పనిచేసి రిటైరయ్యాను. ఏప్రిల్లో అమెరికాలో ఉన్న మా అబ్బాయి దగ్గరికి వచ్చాను. ఇండియానాపొలిస్‌ని ఆనుకుని ఉన్న కార్మెల్ అనే ఊళ్లో వాళ్ల ఇల్లు. పొద్దున్నే కాఫీ పట్టుకుని ఫోన్లో మీ పత్రిక తెరవడం, ముందు ఆటల పేజీ చూడటం ఇక్కడికొచ్చినా మానలేదు.

2025 జూన్ నెలాఖర్లో ఆ పేజీలో అమెరికా బాస్కెట్‌బాల్ లీగు ఎన్‌బీఏ ఫైనల్స్ వార్త చిన్నది వచ్చింది. ఏడో ఆటలో ఓక్లహోమా సిటీ థండర్ 103–91తో ఇండియానాపొలిస్ జట్టు ఇండియానా పేసర్స్‌ని ఓడించి ఛాంపియన్ అయిందని రాశారు. అంతవరకు సరే. ఆఖరి వాక్యంలో మాత్రం, ఆరో ఆట పేసర్స్ గెలిచినా దానివల్ల ఓటమి మూడు రోజులు వాయిదా పడటం తప్ప ఒరిగిందేమీ లేదన్నారు. రాసినవారికి చోటు తక్కువై ఉంటుంది. అయినా ఆ మాట అప్పట్నుంచీ నన్ను వదల్లేదు. ఆ ఆట జరిగిన రాత్రి నేను ఇక్కడే ఉన్నాను, బతుకంతా పిల్లలకి ఈ ఆటే నేర్పాను. ఉత్తరం కాస్త పొడవైనా ఓపిగ్గా చదవమని మనవి.

ముందు ఒక సంగతి. మన దగ్గర బడిపిల్లల పోటీలన్నీ నాకౌట్లే. మండలంలో ఓడితే మండలంలోనే ఆగిపోవడం, జోన్‌లో ఓడితే జోన్‌లోనే. పొద్దున తొమ్మిదింటికి ఓడిన జట్టు పదకొండు గంటల బస్సెక్కి ఇంటికెళ్లిపోతుంది. ఎన్‌బీఏలో సీజన్ అయ్యాక జరిగే ప్లేఆఫ్స్ పద్ధతి వేరు. అవే రెండు జట్లు ఏడు ఆటల దాకా తలపడతాయి, నాలుగు ఎవరు ముందు గెలిస్తే సిరీస్ వాళ్లది. ఫైనల్స్‌లో ఒకటి, రెండు, ఐదు, ఏడు ఆటలు సీజన్లో ఎక్కువ గెలిచిన జట్టు ఊళ్లో జరుగుతాయి. మూడు, నాలుగు, ఆరు అవతలి వాళ్ల ఊళ్లో. నాలుగో ఆట అయ్యేసరికి ఒకరి గుట్టు ఒకరికి పూర్తిగా తెలిసిపోతుంది. బంతి నడిపే ఏ గార్డు ఎటు దూరతాడో, దూరాక ఎవరికి పాస్ ఇస్తాడో గ్యాలరీలో పిల్లలు కూడా ముందే చెప్పేస్తారు. ఆ తర్వాత నడిచేదంతా కాళ్లలో మిగిలిన సత్తువ మీదే. అందుకే ఐదో ఆట తర్వాత వచ్చే గెలుపుని మొదటి ఆట గెలుపుతో సమానంగా తూచకూడదంటాను.

ఈ ఏడాది థండర్ జట్టు సీజన్లో 68 గెలిచి 14 మాత్రమే ఓడింది. పేసర్స్ లెక్క 50, 32. అదీ మొదటి 25 ఆటల్లో 15 ఓడిపోయి, అక్కడినుంచి లేచి తెచ్చుకున్నది. వాళ్ల గార్డు టైరీస్ హాలిబర్టన్‌కి పాతికేళ్లు. ఏప్రిల్లో ఒక పత్రిక, మీ పేర్లు బయటపెట్టం అని చెప్పి ఆటగాళ్లనే అడిగితే, ఉన్నదానికంటే ఎక్కువ పేరొచ్చినవాడు ఇతనేనని తోటి ఆటగాళ్లే ఎక్కువమంది ఓటేశారట. ఆ కుర్రాడే జూన్ 5న ఓక్లహోమాలో, ఫైనల్స్ మొదటి ఆటలో, ఇంక 0.3 సెకన్లుందనగా షాట్ వేసి 111–110తో గెలిపించాడు. ఆ ఆటలో పేసర్స్ ఆధిక్యంలో ఉన్నది ఆ ఆఖరి క్షణంలో మాత్రమే.

మూడు ఆటలయ్యేసరికి పేసర్స్ 2–1తో ముందున్నారు. నాలుగోది ఇక్కడే 111–104తో పోయింది. ఐదోది ఓక్లహోమాలో 120–109తో పోయింది. ఆ ఐదో ఆటలో హాలిబర్టన్ కుడికాలి పిక్క పట్టేసింది. ఆరు షాట్లు వేస్తే ఒక్కటీ పడలేదు. అవతలివాళ్ల ఫౌళ్లకి ఇచ్చే ఫ్రీ త్రోల మీద వచ్చిన నాలుగు పాయింట్లే. నడక చూడగానే మా అబ్బాయితో అన్నాను, ఈ కాలికి వారం రోజులు పక్క మీదే పని అని. తర్వాతి ఆటకి మూడే రోజులుంది.

ఆ మూడు రోజులూ ఈ ఊరు ఎలా ఉందో చెప్పాలంటే, అసలు ఈ రాష్ట్రానికి ఈ ఆటంటే ఏమిటో చెప్పాలి. మా అబ్బాయి వీధిలో దాదాపు ప్రతి ఇంటి గరాజు ముందూ ఒక బాస్కెట్‌బాల్ రింగు ఉంది. మన పల్లెల్లో ఇంటిముందు తులసికోట ఉన్నట్టు. పొలాల మధ్యన ఉన్న ఇళ్ల దగ్గర కూడా గాదె గోడకి బోర్డు బిగించి ఉంటుంది. ఒక ఆదివారం మా అబ్బాయి నన్ను బట్లర్ యూనివర్సిటీలోని పాత ఆటహాలుకి తీసుకెళ్లాడు. 1928లో కట్టింది. 1954లో ఇండియానా హైస్కూళ్ల ఫైనల్ అక్కడే జరిగింది. అందులో ఆడింది మైలన్ అనే చిన్న ఊరి బడి. రాసేటప్పుడు ఇటలీ నగరం మిలన్ లాగే రాసినా వీళ్లు మైలన్ అని పలుకుతారు. మొత్తం 161 మంది పిల్లలు. అప్పట్లో చిన్న బడికీ పెద్ద బడికీ వేరువేరు పోటీలు లేవు, అందరికీ ఒకే టోర్నమెంటు. ఆ పిల్లలు మన్సీ సెంట్రల్ అనే పెద్ద స్కూల్ని 32–30తో ఓడించారు. ఆఖరి క్వార్టర్లో బాబీ ప్లంప్ అనే కుర్రాడు నాలుగు నిమిషాలకు పైగా బంతి పట్టుకుని కదలకుండా నిలబడ్డాడు. ఇన్ని సెకన్లలో షాట్ వేయాలన్న నిబంధన అప్పట్లో లేదు. చివరికి గెలిపించిన షాట్ కూడా అతనే వేశాడు. ఆ చెక్క కోర్టు మీద నిలబడితే నా ఒళ్లు జలదరించింది. మా స్కూల్లో కోర్టంటే రెండు ఇనప స్తంభాలు, మట్టినేల, పొద్దున్నే నేనూ పిల్లలూ కలిసి వేసే సున్నం గీతలు. వానొస్తే గీతలుండేవి కావు.

పేసర్స్ జట్టే ఒకప్పుడు మూతపడబోయింది. 1967లో ఏబీఏ అనే వేరే లీగులో పుట్టి, అక్కడ మూడుసార్లు ఛాంపియన్ అయి, 1976లో ఎన్‌బీఏలోకి వచ్చేసరికి ఖజానా ఖాళీ. 1977 జులైలో కోచ్ బాబీ లెనర్డ్, ఆయన భార్య నాన్సీ కలిసి టీవీలో గంటల తరబడి కార్యక్రమం పెట్టి సీజన్ టికెట్లు కొనండని జనాన్ని అడిగారు. 8,000 టికెట్లు అమ్ముడైతేనే జట్టు నిలుస్తుందన్నారు. అమ్ముడయ్యాయి. జనం చందా వేసుకుని నిలబెట్టుకున్న జట్టు ఇది. మన ఊళ్లలో గుడికి గాలిగోపురం కట్టుకున్నట్టు కాపాడుకున్నారు. ఎన్‌బీఏలో ఛాంపియన్ కావడం మాత్రం ఇప్పటివరకూ రాసిపెట్టి లేదు. 2000లో ఒకసారి ఫైనల్స్ దాకా వెళ్లి లాస్ ఏంజెలెస్ లేకర్స్ చేతిలో 4–2తో ఓడిపోయారు. ఆ జట్టులోని రెజీ మిల్లర్ 18 ఏళ్లు ఇక్కడే ఆడి కప్పు లేకుండానే రిటైరయ్యాడు.

ఇక జూన్ 19, గురువారం. రాత్రి ఎనిమిదిన్నరకి ఆట. టికెట్ ధరలు వింటే మా అబ్బాయి మొహం చిన్నబోయింది. ఇంట్లోనే చూశాం. చుట్టుపక్కల నాలుగు తెలుగు కుటుంబాలు వచ్చాయి. మా ఆవిడ పునుగులు వేసింది. మా మనవడు పసుపు చొక్కా తొడుక్కుని సోఫా ఎక్కనని నేలమీదే కూర్చున్నాడు, పోయిన గెలుపుకి అక్కడే కూర్చున్నానని.

అలాంటి రోజు కప్పు కూడా ఆ ఊరికి వచ్చి ఉంటుంది. థండర్ గెలిస్తే అక్కడికక్కడే ఇవ్వాలి కదా. అంటే పేసర్స్ సొంత హాల్లో, సొంత జనం ముందు, అవతలివాళ్లు ఎత్తుకోవడానికి కప్పు గోడ అవతల సిద్ధంగా ఉందన్నమాట. ఇది తెలిసే ఆ ఆటగాళ్లు కోర్టులోకి దిగారు.

మొదటి ఎనిమిది షాట్లలో ఒక్కటీ పడలేదు. 10–2తో వెనకబడ్డారు. మా ఇంట్లో పునుగుల ప్లేటు ఎవరూ ముట్టుకోలేదు. ఇలాంటప్పుడు కుర్రాళ్ల జట్టయితే చెదిరిపోతుంది, ఒక్కొక్కడూ బంతి తీసుకుని తానే హీరో కావాలని చూస్తాడు. వీళ్లు అలా చేయలేదు. వరుసగా పాస్‌లిచ్చుకుంటూ, కాలు ఆపకుండా పరుగెడుతూ ఆడారు. హాలిబర్టన్ పిక్కకు పట్టీ చుట్టుకుని వచ్చాడు. బెంచీ మీదినుంచి ఓబీ టాపిన్ వచ్చి 20 పాయింట్లు చేశాడు. ఆ రాత్రి జట్టులో ఎక్కువ పాయింట్లు అతనివే. టి.జె. మెకానెల్ గురించి ప్రత్యేకంగా చెప్పాలి. ఆరడుగుల ఒక్క అంగుళం మనిషి. ఎన్‌బీఏలోకి ఆటగాళ్లను ఎంచుకునే డ్రాఫ్ట్‌లో పదేళ్ల కిందట ఇతన్ని ఏ జట్టూ తీసుకోలేదు. అవతలివాళ్లు పాయింట్లు ఇచ్చుకున్నాక నిర్లక్ష్యంగా గీత బయటినుంచి బంతి లోపలికి వేస్తుంటే, పిల్లిలా పక్కన నక్కి లాగేసుకుంటాడు. ఆ రాత్రి 12 పాయింట్లు చేశాడు, తప్పిన షాట్ల బంతులు 9 అందుకున్నాడు, పాయింట్లు తెచ్చిన పాస్‌లు 6 ఇచ్చాడు, 4 బంతులు లాక్కున్నాడు. పొట్టివాళ్లం కదా సార్ మాకెందుకు ఈ ఆట అని నన్నడిగిన పిల్లలందరూ గుర్తొచ్చారు.

అవతల షాయ్ గిల్జస్-అలెగ్జాండర్, ఈ ఏడాది లీగులోనే ఉత్తమ ఆటగాడు, ఎనిమిదిసార్లు బంతి పోగొట్టుకున్నాడు. రెండో క్వార్టర్ చివర్లో హాలిబర్టన్ ఒక బంతి లాక్కుని, చూడకుండానే పక్కకి వదిలాడు. పాస్కల్ సియాకమ్ దాన్ని అందుకుని అడ్డొచ్చినవాడి మీదుగా రింగులో కొట్టాడు. మా మనవడు లేచి వంటింటి దాకా పరుగెత్తి వచ్చాడు. సగం ఆటకి 64–42. మూడో క్వార్టర్ ముగిసేసరికి 90–60. థండర్ కోచ్ తన పెద్ద ఆటగాళ్లందర్నీ కూర్చోబెట్టేశాడు. ఆఖరికి 108–91.

ఇక్కడ మీ వార్త రాసినవారు గమనించని విషయం ఒకటుంది. హాలిబర్టన్ ఆ రాత్రి 23 నిమిషాలే ఆడాడు. నొప్పున్న కాలికి అంతకంటే విశ్రాంతి ఇవ్వడం ఎవరివల్లా కాదు. రెండు పాయింట్లతో గెలిచుంటే అతను 40 నిమిషాలు పరుగెత్తాల్సి వచ్చేది. మిగతావాళ్లు కలిసి ఒక మనిషి కాలిని మోశారు ఆ రాత్రి. నేను నేర్పింది ఆ ఆటే. పాయింట్ల పట్టికలో దానికి గడి ఉండదు.

ఇంకోటి, డబ్బు సంగతి. ఆరో ఆట గెలిస్తే ఏడో ఆట ఓక్లహోమాలో. అంటే ఈ గెలుపువల్ల ఇండియానాపొలిస్‌లో అదనంగా ఒక్క టికెట్టు అమ్ముడుపోదు, ఒక్క కూల్‌డ్రింకు అమ్ముడుపోదు. గెలిచినా ఓడినా ఈ ఏటికి ఈ ఊళ్లో అదే ఆఖరి ఆట. ఆ సంగతి హాల్లో ఉన్న ప్రతివాడికీ తెలుసు. నాలుగో క్వార్టర్లో 30 పాయింట్ల ఆధిక్యం ఉన్నా జనం లేచి ఇళ్లకి పోలేదు. మా అబ్బాయి ఆఫీసులో పనిచేసే ఒక పెద్దాయన, అరవై దాటినవాడు, మర్నాడు అతనితో 2000 సంవత్సరం గురించి చెప్పాడట. ఆ ఏడు ఫైనల్స్‌లో కూడా ఇక్కడి ఆఖరి ఆట, ఐదోది, పేసర్స్ 120–87తో గెలిచారు. తర్వాత లాస్ ఏంజెలెస్ వెళ్లి ఓడిపోయారు. ఓడిన ఆట స్కోరు ఆయనకి గుర్తులేదు. ఆ 33 పాయింట్ల గెలుపు రోజు తను ఏ వరసలో కూర్చున్నాడో, పక్కన ఎవరున్నారో చెప్పాడట. పాతికేళ్లయింది.

చరిత్ర చూస్తే ఫైనల్స్ ఏడో ఆటలు అంతకుముందు 19 జరిగితే సొంత ఊరి జట్టే 15 గెలిచింది. ఆ లెక్క పేసర్స్ కోచ్ రిక్ కార్లైల్‌కి తెలియదా? 2011లో డాలస్‌ని ఛాంపియన్ చేసినవాడు. ఓడిపోతామని తెలిసి ఆడారనడానికి లేదు. బయటి ఊళ్లో ఆడి గెలిచినవాళ్లు నలుగురున్నారు, ఆఖరివాళ్లు 2016లో క్లీవ్‌లాండ్. ఐదోవాళ్లం మనం అవుదాం అని వెళ్లారు.

జూన్ 22 ఆదివారం ఏడో ఆట. హాలిబర్టన్ మొదటి కొన్ని నిమిషాల్లోనే మూడు పాయింట్ల షాట్లు మూడు వేశాడు. తొమ్మిది పాయింట్లు. మా మనవడు మళ్లీ నేలమీదే కూర్చున్నాడు. మొదటి క్వార్టర్ ఇంకా ఐదు నిమిషాలుందనగా హాలిబర్టన్ ముందుకు దూకబోయి, ఎవరూ తాకకుండానే కూలిపోయాడు. నేలని చేత్తో కొడుతున్నాడు. ఎవరూ తగలకుండా అలా పడితే అది మడమ వెనక స్నాయువేమోనని ఈ ఆట చూసేవాళ్లందరికీ భయం. కుడికాలి అకిలిస్ అనే ఆ స్నాయువే తెగింది. మా గదిలో మాట లేదు. అయినా సగం ఆటకి పేసర్సే 48–47తో ముందున్నారు. మెకానెల్ మూడో క్వార్టర్లో 12 పాయింట్లు చేశాడు. బెనెడిక్ట్ మాథురిన్ మొత్తం మీద 24 చేశాడు. కాని మూడో క్వార్టర్లో థండర్ 34 పాయింట్లు చేసి ఆట లాగేసుకుంది.

ఆ మర్నాడే హాలిబర్టన్‌కి ఆపరేషన్ అయింది. 2025–26 సీజన్ మొత్తం ఆడడని జులైలో జట్టువాళ్లు ప్రకటించారు. పదేళ్లుగా ఇక్కడే ఆడిన మైల్స్ టర్నర్ మిల్వాకీ జట్టుకి వెళ్లిపోయాడు. అందువల్ల ఇక్కడ కొందరు ఇంకో మాట అంటున్నారు, మీ వార్తకంటే కటువైన మాట. ఆరో ఆట ఓడిపోయి ఉంటేనే బాగుండేదని. సిరీస్ అక్కడితో అయిపోయేది, కుర్రాడి కాలు మిగిలేది. ఒక్క గెలుపు ఒక ఏడాదిని మింగేసిందని.

ఈ మాటకి జవాబు చెప్పడం నాకు తేలిక కాదు. పట్టేసిన పిక్కతో ఆడటానికీ స్నాయువు తెగడానికీ ముడిపెట్టడం డాక్టర్ల పని. కాని కోచ్‌గా బెంచీ దగ్గర నిలబడి, ఈ పిల్లని పంపాలా ఆపాలా అని తేల్చుకోవలసినవాడి పని నాకు తెలుసు. హాలిబర్టన్ ఆపరేషన్ అయ్యాక తనే రాశాడు, మళ్లీ అదే పరిస్థితి వస్తే మళ్లీ ఆడతాను, ఆ తర్వాత కూడా ఆడతాను అని, ఈ ఊరి కోసం, జట్టులో అన్నదమ్ముల కోసం. అతని కాలు, అతని నిర్ణయం. పాతికేళ్లవాడు, తెలిసినవాడు. ఆ గెలుపు వద్దనుకునే హక్కు అతనికే లేదనిపించినప్పుడు మనకెక్కడిది?

నా దగ్గర ఆడిన ఒక అమ్మాయి ఉంది. 1997లో తొమ్మిదో తరగతి. గుంటూరులో జిల్లా పోటీలు. పొద్దున సెమీఫైనల్ గెలిచాం, అందులో ఈ అమ్మాయి చీలమండ బెణికింది. సోడా బండి దగ్గర ఐసుముక్కలు అడిగి తెచ్చి తువ్వాల్లో కట్టాను. సాయంత్రానికి వాపు తగ్గలేదు. ఆడతాను సార్ అని ఏడ్చింది. పద్నాలుగేళ్ల పిల్ల, వాళ్ల నాన్న రిక్షా తొక్కేవాడు, కాలు విరిగితే ఆ ఇంట్లో ఎవరు చూస్తారు? ఆడనివ్వలేదు. ఫైనల్ 28–26తో పోయింది. మరుసటి ఏడు ఆ అమ్మాయి గ్రౌండుకి రాలేదు. నేనూ వెళ్లి పిలవలేదు.

ఇప్పుడు తను విజయవాడలో బ్యాంకులో పనిచేస్తోంది. ఇద్దరు పిల్లలు. ఏడో ఆట అయిన రాత్రి, అంటే మీకు సోమవారం పొద్దున, ఫోన్ చేసింది. ఐదున్నరకే లేచి పిల్లలతో కలిసి చూసిందట. హాలిబర్టన్‌ని ఆపాల్సిందంటారా సార్ అని అడిగింది. వాడు చిన్నపిల్లాడు కాదమ్మా అన్నాను. కాసేపు మాట్లాడలేదు. తర్వాత అంది, "ఆ రోజు నేను బెంచీ మీద కూర్చుని గడియారం చూళ్లేదు సార్, మిమ్మల్నే చూశాను. ఒక్కసారైనా నా వైపు తిరుగుతారేమోనని."

నేను తిరగలేదు. తిరిగి ఉంటే పంపించేసేవాణ్ణి. 28 ఏళ్ల తర్వాత ఆ మాట తనకి ఫోన్లో చెప్పాను.

ఇట్లు,
ఒక విశ్రాంత వ్యాయామోపాధ్యాయుడు,
తెనాలి (ప్రస్తుతం కార్మెల్, ఇండియానా), 10 జులై 2025